జుట్టుకు రంగు మానండి, సీరియల్ ఒప్పుకోండి

ప్రశ్న: నాది కర్నూలు పాతబస్తీ. వయసు యాభై ఆరు. చిన్నప్పటి నుంచి పద్యనాటకాల్లో దుర్యోధనుడి వేషం కట్టేవాణ్ణి. 1999లో సీమ కక్షల సినిమాలు జోరుగా వస్తున్నప్పుడు హైదరాబాదు చేరినాను. ఇప్పటికి నూట నలభై సినిమాల దాకా చేసినాను. మాట ఉన్న వేషాలు అరవై ఉంటాయేమో. మిగతావన్నీ సుమోలో నుంచి దిగడం, కత్తి పట్టుకోవడం, అన్న వెనక నిలబడటం. ఊరికి వస్తే ‘యాడో చూసినట్టుందే’ అంటారు గానీ నా పేరు ఎవరికీ తెలియదు. ఆరేళ్ళ కిందట ఒక తాత వేషం వస్తే వద్దన్నాను. జుట్టుకూ మీసానికీ రంగు వేసుకుంటే ఇప్పటికీ గట్టిగానే కనిపిస్తాను. అయినా నాలుగేళ్ళుగా పిలుపులు తగ్గిపోయినాయి. ఇప్పుడు ఒక డైలీ సీరియల్‌లో కథానాయిక మామగారి వేషానికి అడుగుతున్నారు. నెలకు పదిహేను రోజుల పని. వచ్చే నెల తొమ్మిదిన లుక్ టెస్టు. మా ఇంటామె చేయమంటుంది. సీరియల్ ముద్ర పడితే ఇక సినిమావాళ్ళు పిలవరని స్నేహితులు అంటున్నారు. ఇరవై ఆరేళ్ళు తిరిగి చివరికి నేను ఏమైనాను అనే ఆలోచన రాత్రిళ్ళు నిద్ర పట్టనివ్వడం లేదు. ఏం చేయమంటారు?
(పేరు రాయవద్దన్న పాఠకుడు, కర్నూలు)

సమాధానం: అయ్యా, మీ ఉత్తరం రెండుసార్లు చదివాను. మొదటిసారి అది సినిమానా సీరియలా అన్న సందేహంగానే కనిపించింది. రెండోసారి చదువుతున్నప్పుడు, పెద్ద విషయం కానట్టు మీరు మధ్యలో రాసేసిన మాట దగ్గర ఆగిపోయాను. తాత వేషాన్ని కాదన్నది ఆరేళ్ళ కిందట, పిలుపులు తగ్గడం మొదలైంది నాలుగేళ్ళ కిందట, జుట్టుకు రంగు వేసుకోవడం ఇవాళ్టికీ సాగుతోంది. ఈ మూడు సంగతులనూ మీరే వరుసగా రాసి కూడా వాటిని కలిపి చూడలేదు. నాకు మాత్రం మీ ప్రశ్నకు సమాధానం సగం అక్కడే దొరికింది.

అడిగినదానికి సూటిగా చెబుతాను. సీరియల్ ఒప్పుకోండి. మీ ఇంటామె చేయమనడానికి కారణం నెలనెలా వచ్చే డబ్బే అయివుంటుందని ఊహిస్తున్నాను. ఇరవై ఆరేళ్ళు మీరు హైదరాబాదులో గది అద్దె కట్టుకుంటూ తిరుగుతుంటే కర్నూలులో ఇల్లు నడిపిన మనిషి చెప్పిన కారణాన్ని తేలిగ్గా తీసే హక్కు మీకూ లేదు, నాకూ లేదు. అయితే దానికి తోడు నాకు ఇంకో కారణం కనిపిస్తోంది. ఇన్నేళ్ళలో మీ అసలు వయసును అడుగుతూ మీ దగ్గరికి వచ్చిన రెండో వేషం ఇది. మొదటిదాన్ని పోగొట్టుకున్నారు.

కథానాయకుడు వయసు దాచుకుంటాడంటే అందులో అతని వ్యాపారం ఉంది. నలభై దాటిన మనిషిని కాలేజీ కుర్రవాడని నమ్మించడానికి మేకప్‌మన్, ఛాయాగ్రాహకుడు, డాన్సు మాస్టరు, చివరికి పక్కన నిలబెట్టే స్నేహితుల వేషగాళ్ళు కూడా కలిసి పాటుపడతారు. క్యారెక్టర్ ఆర్టిస్టు వెనక అంత బలగం ఉండదు. ముఖం మీద పడిన గీతలు, కాస్త వంగిన భుజాలు, కుర్చీలో కూర్చునేటప్పుడు మోకాలు చేసే ఫిర్యాదు, ఇవే అతని సరంజామా. మీరు వాటినన్నిటినీ పెట్టెలో పెట్టి తాళం వేసి, ముప్పై ఏళ్ళ కుర్రవాళ్ళు వరసకట్టి నిలబడిన చోటుకు వెళ్ళి కత్తి పట్టుకుంటానంటున్నారు. కో-డైరెక్టరు ఎవరిని పిలుస్తాడు? పరిగెత్తగలవాణ్ణే కదా.

పాతవాళ్ళను తలచుకుంటే ఈ సంగతి ఇంకా స్పష్టంగా తెలుస్తుంది. 1957లో వచ్చిన ‘మాయాబజార్’లో కృష్ణుడి వేషం కట్టిన ఎన్.టి.రామారావు 1923లో పుట్టారు. ఆయనకు అన్నగా, బలరాముడిగా నటించిన గుమ్మడి వెంకటేశ్వరరావు 1927లో పుట్టారు. తెర మీద అన్నగారు నిజానికి తమ్ముడి కన్నా నాలుగేళ్ళు చిన్న. ఆ సినిమాను ఎన్నిసార్లు చూసినా ఆ లెక్క మనకు గుర్తు రాదు, ఎందుకంటే గుమ్మడి ఆ పెద్దరికాన్ని మాటలోనూ కోపంలోనూ పట్టుకున్నారు. ముప్పై ఏళ్ళకే పెద్దవాడు కావడానికి వెనకాడని ఆ మనిషి తరవాత కొన్ని దశాబ్దాల పాటు తండ్రిగా, జమీందారుగా, న్యాయమూర్తిగా పని లేకుండా కూర్చోలేదు. (ఆ సినిమా తీసిన కె.వి.రెడ్డి మన తాడిపత్రిలో పుట్టినవాడేనన్నది మా అనంతపురం వాళ్ళం సందర్భం ఉన్నా లేకపోయినా చెప్పుకునే మాట.)

అదే కె.వి.రెడ్డి 1951లో తీసిన ‘పాతాళభైరవి’లో నేపాళ మాంత్రికుడిగా ఎస్.వి.రంగారావు చేసినప్పుడు ఆయనకు ఇంకా ముప్పై మూడేళ్ళు నిండలేదు. ఆ మాంత్రికుడి వయసెంత అని ఎవరినైనా అడిగి చూడండి, ఒక్కరూ ముప్పై మూడు అనరు. ఆయన శిష్యుడు సదాజపుడిగా వేసిన పద్మనాభం కడప జిల్లా సింహాద్రిపురం వాడు, అప్పటికి ఇరవై ఏళ్ళు నిండీ నిండని కుర్రవాడు. రంగారావు 1974లో కన్నుమూశారు. అప్పటికి ఆయన వయసు యాభై ఆరు, అంటే సరిగ్గా మీరు ఇవాళ ఉన్న వయసు. మిమ్మల్ని భయపెట్టడానికి ఈ మాట చెప్పడం లేదు. మీరు ఇంకా తొడగనని మొండికేస్తున్న తండ్రి వేషాలనూ పెద్దమనుషుల వేషాలనూ ఆయన ఆ వయసుకే ఎన్నో ఏళ్ళుగా వేసేశారని గుర్తుచేయడానికి చెబుతున్నాను.

కైకాల సత్యనారాయణ కథ మీకు ఇంకా దగ్గరగా ఉంటుంది. 1959లో ‘సిపాయి కూతురు’తో ఆయన కథానాయకుడిగానే మొదలుపెట్టారు. సినిమా ఆడలేదు. ఆ మరుసటి ఏడాది విఠలాచార్య ఆయనను ప్రతినాయకుణ్ణి చేశారు. హీరోగా వచ్చినవాణ్ణి విలన్ వేషం ఎందుకు వేయాలని ఆయన పట్టుబట్టి ఉంటే ఆ కథ అక్కడితో ముగిసేది. ప్రతినాయకుడయ్యారు, పౌరాణికాల్లో గద పట్టారు, 1977లో ‘యమగోల’లో యముడై నవ్వించారు, ఆ తరవాత తండ్రులయ్యారు, తాతలయ్యారు. 2019 దాకా, అంటే అరవై ఏళ్ళ పాటు, తెర మీద కనిపించారు. ప్రతి పది పదిహేనేళ్ళకూ ఒకసారి ఆయన పాత వేషాన్ని విడిచి, వయసుకు తగిన కొత్త వేషంలోకి దిగారు. మీరు 1999లో తొడుక్కున్న చొక్కానే ఇంకా ఉతుక్కుని వేసుకుంటున్నారు.

వయసు మీరిన తరవాత కొత్త మాధ్యమంలోకి వెళ్ళడం అవమానమని మీకు ఏ మూలనైనా అనిపిస్తుంటే మన బళ్ళారి రాఘవను తలచుకోండి. ఆయన 1880లో తాడిపత్రిలో పుట్టి, బళ్ళారిలో వకీలుగా పేరు తెచ్చుకుని, నాటకరంగంలో ఎవరూ అందుకోలేనంత ఎత్తుకు వెళ్ళినవాడు. సినిమాల్లోకి వచ్చింది 1936లో, ‘ద్రౌపదీ మానసంరక్షణం’లో. అప్పటికి ఆయనది కూడా మీ వయసే. వేసిన వేషం మీకు ప్రాణమైన దుర్యోధనుడు. రంగస్థలం మీద అంతటి చక్రవర్తి అయిన మనిషి ఆ వయసులో ఒక కొత్త యంత్రం ముందు నిలబడటానికి సిద్ధపడ్డాడంటే, మామగారి వేషానికి మీరు పోగొట్టుకునే పరువు ఏముంటుంది?

ఇక మీ స్నేహితులు చెప్పిన ‘సీరియల్ ముద్ర’ సంగతి. అది పూర్తిగా అబద్ధం కాదు. రోజూ ఇంట్లో ఉచితంగా కనిపించే ముఖాన్ని టికెట్టు కొని ఎవరు చూస్తారన్న మాట సినిమా ఆఫీసుల్లో వినిపిస్తుంది. కానీ ఆ మాట కథానాయకుడికీ కథానాయికకూ తగిలినంతగా పెద్ద వేషాల వాళ్ళకు తగలదని నా అభిప్రాయం. రావు గోపాలరావు గారి కుమారుడు రావు రమేశ్ సీరియళ్ళలో చేసి, 2008లో ‘కొత్త బంగారు లోకం’లో లెక్చరర్ వేషంతో సినిమా ప్రేక్షకుల కంట పడ్డారు. సీరియల్ ఆయనను ఆపలేదు. 1982లో తన మొదటి సినిమా పేరే ఇంటిపేరుగా మారిన శుభలేఖ సుధాకర్ ఏళ్ళ తరబడి సీరియళ్ళు చేస్తూనే సినిమాలూ చేస్తున్నారు. పైగా, నాలుగేళ్ళుగా పిలవనివాళ్ళు ఇక ముందు పిలవకుండా పోతారేమోనని దిగులుపడటంలో ఏదో తిరకాసు ఉంది. లేని పిలుపును కాపాడుకోవడానికి ఉన్న పిలుపును వదులుకోమని సలహా ఇచ్చిన మీ స్నేహితులలో ఎంతమందికి ఈ నెల పని ఉందో ఒకసారి కనుక్కోండి.

మీ పేరు ఎవరికీ తెలియదన్న బాధ కూడా ఈ సీరియల్‌తో కొంత తీరవచ్చు, అయితే మీరు అనుకుంటున్న పద్ధతిలో తీరదు. గుండు హనుమంతరావు వందలాది సినిమాల్లో చేశారు. 2001లో మొదలైన ‘అమృతం’ సీరియల్ మాత్రం ఆయనను ‘అంజి’ని చేసింది, ఆయన పోయిన ఇన్నేళ్ళ తరవాత కూడా జనం ఆ పేరుతోనే తలచుకుంటున్నారు. వారానికి ఐదారు రోజులు రాత్రి అన్నం తినే వేళకు ఇంట్లోకి వచ్చే మనిషికి ఇంటిల్లిపాదీ ఒక పేరు పెట్టేస్తారు. అది మీ అమ్మానాన్నలు పెట్టిన పేరు కాకపోవచ్చు. పాతబస్తీలో మిమ్మల్ని ‘యాడో చూసినట్టుందే’ అన్నవాళ్ళే ‘ఏం మామా, ఆ పిల్లను ఎందుకట్ల ఏడిపిస్తాండావు’ అని అడుగుతారు. దానికి ఇప్పుడే మనసును సిద్ధం చేసుకోండి, ఎందుకంటే సీరియల్ మామగారు మంచివాడుగా మొదలైనా నూరో ఎపిసోడ్ నాటికి ఎటు తిరుగుతాడో రచయితకు కూడా తెలియదు.

సీరియళ్ళను చిన్నచూపు చూసేవాళ్ళు ఒక సంగతి మరిచిపోతారు. సినిమాలో పెద్ద వేషాలు కథకు అంచున ఉంటే, సీరియల్‌లో అవి నట్టింట్లో ఉంటాయి. అత్త, మామ, పెద్దాయన, మేనత్త లేకుండా డైలీ సీరియల్ ఒక వారం కూడా నడవదు. సినిమాలో అలాంటి గౌరవం ఎప్పుడో గానీ దొరకలేదు. కడప జిల్లా నుంచి వెళ్ళిన బి.నాగిరెడ్డి, ఆయన మిత్రుడు చక్రపాణి కలిసి 1962లో తీసిన ఒక సినిమాలో ఎన్.టి.రామారావు, అక్కినేని, సావిత్రి, జమున నలుగురూ ఉండగా, పేరు మాత్రం సూర్యకాంతం వేసిన పాత్రది పెట్టారు. ‘గుండమ్మ కథ’ తరవాత మళ్ళీ అంతటి ధైర్యం చేసినవాళ్ళను వేళ్ళ మీద లెక్కపెట్టవచ్చు.

పని స్వభావం గురించి కూడా చెప్పాలి, ఎందుకంటే మీరు సినిమా సెట్లకు అలవాటుపడినవారు. సినిమాలో రోజంతా కాచుకుంటే రెండు షాట్లు అవుతాయి. డైలీ సీరియల్‌లో దాదాపు రోజుకు ఒక ఎపిసోడ్ పని తెమలాలి, అది కూడా ఒకటే ఇంట్లో, ఒకే సోఫా చుట్టూ. కాగితాలు చాలాసార్లు ఆ ఉదయమే చేతికి వస్తాయి. అందుకని అక్కడ ప్రాంప్టింగ్ అలవాటు ఉంది. కెమెరా పక్కన అసిస్టెంటు డైరెక్టరు మాట చదివితే, విని, నటుడు పలుకుతాడు. మాటలు తరవాత డబ్బింగులో చెప్పుకుంటారు కాబట్టి ప్రాంప్టరు గొంతు అడ్డం కాదు. నటుడి ముఖానికి మాత్రం అడ్డమే. మాట చెవిన పడేదాకా ఖాళీగా ఎదురుచూసే కళ్ళు క్లోజప్‌లో దొరికిపోతాయి. రాత్రి పదింటికి మొదలై తెల్లవారేదాకా సాగే నాటకంలో పద్యాలన్నీ నోటికి ఉంచుకున్న మనిషికి రెండు పేజీల సీను లెక్కలోది కాదు. మేకప్ వేసుకుంటున్నప్పుడే కాగితం అడిగి తీసుకోండి. గొడవ చేయకుండా, ‘నాకు చదవనక్కర్లేదు నాయనా’ అని ఆ కుర్రవాడితో నెమ్మదిగా అంటే వాడికీ శ్రమ తగ్గుతుంది. పక్షం రోజుల్లో యూనిట్ అంతటికీ మీ విలువ తెలుస్తుంది.

నాటకం నుంచి వచ్చినవారికి ఇంకో చిక్కు ఉంది. వెనక వరసకు వినిపించడానికి అలవాటైన గొంతు, మూడడుగుల దూరంలో ఉన్న కెమెరాకు అరుపులా తోస్తుంది. సుమోలోంచి దిగి అరిచే వేషాల్లో అది చెల్లిపోయింది. మామగారు కాఫీ గ్లాసు చేతిలో పెట్టుకుని మాట్లాడాలి. రాఘవ ఆ రోజుల్లోనే రాగాలు సాగదీసి పద్యాలు పాడటాన్ని ఇష్టపడక మాటకూ సహజమైన నటనకూ విలువ ఇచ్చాడంటారు. ఆ దారి మీకు ఇప్పుడు అక్కరకు వస్తుంది.

మీ యాస సంగతి మీరు ఉత్తరంలో ఎత్తలేదు గానీ అది అడక్కుండానే వచ్చే సమస్య. ఇరవై ఆరేళ్ళు మిమ్మల్ని పిలిచింది ఆ యాస కోసమే. సినిమా మన కర్నూలు మాటనూ కడప మాటనూ అనంతపురం మాటనూ ఒకే డబ్బాలో పోసి కారప్పొడిలా కలిపేసిన మాట నిజం. అయినా ఆ యాసతో ఎంత దూరం వెళ్ళవచ్చో జయప్రకాశ్ రెడ్డి చూపించి పోయారు. అప్పటి కర్నూలు జిల్లా సిరివెళ్ళ వైపు పుట్టి, లెక్కల మాస్టారుగా పనిచేసి, 1988లో సినిమాల్లోకి వచ్చిన ఆయన, 1997లోనూ 1999లోనూ కక్షల సినిమాల్లో జనాన్ని అదే యాసతో భయపెట్టారు. ఆ తరవాత అదే యాసతో, అవే కళ్ళతో నవ్వించారు. యాస మారలేదు, దాన్ని పెట్టిన చోటు మారింది. అంతటితో ఆగకుండా ‘అలెగ్జాండర్’ అనే ఏకపాత్ర నాటకంతో రంగస్థలం మీదికి తిరిగి వస్తూనే ఉన్నారు. 2020లో కన్నుమూసేదాకా నాటకాన్ని వదలలేదు.

సీరియల్‌వాళ్ళు మిమ్మల్ని కోస్తా మాట మాట్లాడమంటారు. మాట్లాడండి, నటుడికి రెండూ రావాలి. కానీ డబ్బింగు మాత్రం మీదే ఉండాలని మొదటి రోజే షరతు పెట్టండి. మన సీరియళ్ళలో ముఖ్య వేషాలు చాలా వరకు కన్నడ నటులవి కావడం వల్ల, గొంతులు అరువు తెచ్చుకోవడం అక్కడ మామూలైపోయింది. ఆ ఊపులో మీకూ ఇంకొకరి గొంతు తగిలించవచ్చు. పద్యం చెప్పే గొంతు ఉన్న మనిషి నోరు కదుపుతుంటే పరాయి గొంతు వినిపించడం మీరు ఒప్పుకోగలిగితే సరే. నేనైతే ఒప్పుకోను.

ఇక డబ్బు. సీరియల్ పారితోషికం ఎక్కువగా రోజు లెక్కన ఉంటుంది. పదిహేను రోజులు అన్నమాట నోటి మాటగా ఉంటే, కథ ఇంకో వైపు తిరిగిన నెలలో అది నాలుగు రోజులవుతుంది. కాబట్టి నెలకు కనీసం ఎన్ని రోజులకు డబ్బు ఇస్తారో, చెక్కు ఎన్ని నెలల తరవాత వస్తుందో, బేటా (రోజువారీ ఖర్చుల డబ్బు), ప్రయాణం ఎవరు చూస్తారో, బట్టలు వాళ్ళవా మీవా, మధ్యలో సినిమా వస్తే ఎన్ని రోజుల ముందు చెబితే వదులుతారో అడిగి రాయించుకోండి. ఒప్పందం కాగితం ఇవ్వకపోతే, మాట్లాడుకున్నదంతా మీరే వాట్సాప్‌లో మేనేజరుకు రాసి పంపి, అతని చేత ‘సరే’ అనిపించుకోండి. ఆ ఒక్క ముక్క రేపు చాలా పనికొస్తుంది. ఏ రోజైనా మీ ఫోటోకు దండ వేసి అగరొత్తులు వెలిగిస్తే మీ ట్రాక్ ముగిసినట్టే. ముందుగా చెప్పే మర్యాద అందరికీ ఉండదు, కనుక ఆ డబ్బును జీతమనుకుని అప్పులు చేయకండి. సొంతంగా సినిమా తీస్తామని, కొంచెం వాటా పెట్టమని ఎవరైనా వస్తే ఆ దరిదాపులకు పోకండి. దీని మీద ఎక్కువ చెప్పను, మీకు సినిమావాళ్ళుండే కృష్ణానగర్‌లో ఉదాహరణలు కావలసినన్ని కనిపించి ఉంటాయి.

నటులు చాలామంది వదిలేసుకునే డబ్బు ఇంకొకటి ఉంది. మీకు ఇచ్చే పారితోషికంలో పది శాతం టీడీఎస్‌గా పట్టుకుని మిగతాది ఇస్తారు. ఏడాదికి 6 లక్షలు వచ్చాయనుకుంటే అందులో 60 వేలు ప్రభుత్వానికి జమ అయినట్టు. సినిమా నటులకు, ఖాతా పుస్తకాలు రాయకుండా, వచ్చినదాంట్లో సగాన్ని ఆదాయంగా చూపించి రిటర్ను వేసే వెసులుబాటు ఉంది, సీరియల్ డబ్బుకూ అది వర్తిస్తుందేమో ఆడిటరును అడగండి. వర్తిస్తే ఆ సగం 3 లక్షలే కాబట్టి మీరు కట్టవలసిన పన్ను ఏమీ ఉండకపోవచ్చు, ఆ 60 వేలూ వెనక్కి వస్తాయి. రిటర్ను వేయనివాళ్ళకు రాదు. మీ పాన్ నంబరు మీద ఎవరెవరు ఎంత పట్టుకున్నారో ఆదాయపు పన్ను వెబ్‌సైటులో కనిపిస్తుంది. కర్నూలులో తెలిసిన ఆడిటరు ఒకరి దగ్గర కూర్చుంటే అరపూట పని. గడువు దాటిపోయిన పాత ఏళ్ళవి వస్తాయో రావో ఆయననే అడగండి, ఇకముందువైనా పోనివ్వకండి.

పదిహేను రోజుల పని అంటే పదిహేను రోజుల సెలవు కూడా. కర్నూలు నుంచి హైదరాబాదు దాదాపు 210 కిలోమీటర్లు, హైవే మీద నాలుగైదు గంటలు. ఇంతకాలం పిలుపు వస్తుందేమోనని గదిలోనే ఉండిపోయేవారు కదా. ఇప్పుడు షెడ్యూలు తేదీలు ముందే చేతిలో ఉంటాయి కనుక మిగతా రోజులు ఇంటి దగ్గరే ఉండండి. ఆ రోజుల్లో నాటకం పట్టండి. దుర్యోధనుణ్ణి మళ్ళీ కట్టండి, కిరీటం కింద జుట్టు ఏ రంగులో ఉందో ఎవరికీ కనిపించదు. కడప జిల్లాలోని సురభిలో 1885లో ఒక పెళ్ళి వేడుకకు ‘కీచకవధ’ ఆడిన తోలుబొమ్మలాట కుటుంబం, ఆ ఊరి పేరునే తన పేరు చేసుకుని, తరాలుగా పిల్లల నుంచి ముసలివాళ్ళ దాకా వయసుకు తగిన వేషం వేస్తూ నాటకాన్ని నడుపుకొచ్చింది. మొదటి తెలుగు టాకీలో లీలావతిగా చేసిన సురభి కమలాబాయి ఆ సమాజం నుంచి వచ్చినదే. సీమ నటుడికి సినిమా కన్నా ముందు నుంచీ ఉన్న ఇల్లు అది.

చివరికి ఏమైనాను అని అడిగారు. దీనికి ఓదార్పు మాటలు చెప్పి తప్పించుకోలేను. మీ నూట నలభై సినిమాల జాబితా మీ దగ్గర ఉందా? ఉత్తరంలో ‘దాకా’ అనీ ‘ఉంటాయేమో’ అనీ రాశారంటే లేదనే అనుకుంటున్నాను. ఒక నోటుపుస్తకం తీసుకుని, గుర్తున్నంత వరకు సినిమా పేరు, ఏడాది, దర్శకుడు, ఎన్ని రోజులు చేశారు, ఏం మాట చెప్పారు, ఎంత ఇచ్చారు, టైటిల్స్‌లో పేరు వేశారా లేదా, అన్నీ రాయండి. చాలా సినిమాలు యూట్యూబ్‌లో ఉన్నాయి. పిల్లలెవరినైనా కూర్చోబెట్టుకుని మీరు మాట్లాడిన సీన్లు వెతికి కత్తిరించి పెట్టుకోండి. అందులోంచి మంచివి ఐదారు ఏరితే మూడు నిమిషాల షోరీల్ అవుతుంది, ఈ రోజుల్లో కాస్టింగ్ డైరెక్టరు అడిగేది అదే. ఆ అరవై మాటల వేషాలు వరసగా చూసినప్పుడు, ఎక్కడ బాగా చేశారో, ఎక్కడ ఊరికే అరిచారో మీకే తెలుస్తుంది. మీ ప్రశ్నకు నా కన్నా ఆ పుస్తకం నిజాయితీగా జవాబు చెబుతుంది. అన్న వెనక నిలబడిన ఎనభై వేషాలను కూడా కొట్టేయకండి. వెనక నిలబడిన పదిమంది ముఖాలు నిజమనిపిస్తేనే ముందున్న ప్రతినాయకుడు భయపెడతాడు, అది తెలిసిన దర్శకులే మిమ్మల్ని మళ్ళీ మళ్ళీ పిలిచి ఉంటారు.

లుక్ టెస్టు తొమ్మిదిన అన్నారు. మీ ఉత్తరం మీద ఉన్న తేదీని బట్టి చూస్తే ఇంకా నాలుగు వారాలకు పైగా వ్యవధి ఉంది. జుట్టు నెలకు సుమారు అర అంగుళం పెరుగుతుంది. ఇవాళ్టి నుంచి రంగు మానేస్తే అప్పటికి అర అంగుళం తెలుపు వస్తుంది. దానికి ముందు రోజు మంగలి దగ్గర కూర్చుని, నల్లగా మిగిలినదంతా పోయేట్టు కురచగా కత్తిరించమనండి. మీసం మాత్రం తీయకండి, దాన్ని కూడా తెల్లగానే రానివ్వండి. ఆ మీసంతో, మేకప్ లేకుండా, కిటికీ వెలుతురులో రెండు ఫోటోలు తీయించుకుని ఒకటి సీరియల్‌వాళ్ళకు పంపండి. రెండోది, ఆరేళ్ళ కిందట తాత వేషానికి పిలిచిన ఆ కో-డైరెక్టరు నంబరు ఇంకా ఉంటే, అతనికి.